హోమ్ లోన్: ఐదేళ్లు కట్టినా ఇంకా 264 నెలలా..? అల్వాల్ ఫ్లాట్ లెక్కతో బయటపడే అసలు ఖర్చు ఇదీ

అల్వాల్, మచ్చబొల్లారం, వెంకటాపురం, లోతుకుంట.. ఈ వైపు ఫ్లాట్ చూడటానికి వెళ్తే సేల్స్ ఆఫీసులో అడిగే మొదటి మాట "మీ బడ్జెట్ ఎంత సార్?" అని. చెప్పిన బడ్జెట్ సరిపోకపోతే వెంటనే రెండో మాట వస్తుంది. "నెలకి ఎంత కట్టగలరో చెప్పండి, మిగతాది మేం చూసుకుంటాం."

అక్కడే ఇంటి ధర పక్కకు పోయి ఈఎంఐ ముందుకొస్తుంది. ఇక ఇంట్లో చర్చంతా దాని చుట్టూనే. నెలకి 38 వేలా, 40 వేలా? జీతంలో ఎంత మిగులుతుంది? పిల్లల ఫీజులు ఎలా? అడగాల్సిన ఇంకో ప్రశ్నను మాత్రం దాదాపు ఎవరూ అడగరు. ఎన్ని నెలలు కట్టాలి? ఆ నెలలు మధ్యలో పెరిగితే మనకి ఎవరు చెప్తారు?

ఇది ఊహించి భయపెట్టే మాట కాదు. 2020, 2021లో తక్కువ వడ్డీ చూసి హోమ్ లోన్ తీసుకున్న చాలామందికి జరిగింది ఇదే. మూడు నిద్రలేని రాత్రుల తర్వాత సంతకం పెట్టింది 20 ఏళ్లకి. ఇవాళ బ్యాంక్ యాప్ తెరిచి చూస్తే మిగిలిన వాయిదాలు మొదట్లో ఉన్నదానికంటే ఎక్కువ కనిపిస్తున్నాయి. ఇదెలా సాధ్యం? ఒక ఫ్లాట్ లెక్క తీసుకుని మొదటి నుంచి చివరి దాకా చూద్దాం.

2021 జనవరి: అంతా బాగున్న రోజు

అల్వాల్‌లో 62 లక్షల 50 వేల ఫ్లాట్ అనుకుందాం. ఇది లెక్క కోసం పెట్టుకున్న ధర, మార్కెట్ రేటు కాదు. రిజర్వ్ బ్యాంక్ నిబంధన ప్రకారం లోన్ 30 లక్షలు దాటి 75 లక్షల లోపు ఉంటే బ్యాంక్ ఆస్తి విలువలో 80 శాతం వరకే ఇవ్వాలి. అంటే 50 లక్షలు లోన్, 12.5 లక్షలు చేతి నుంచి.

రిజిస్ట్రేషన్ ఖర్చు మామూలుగా ఈ లెక్కలోకి రాదు. అదీ మనదే. అప్పట్లో తెలంగాణలో స్టాంప్ డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 6 శాతం. అంటే 3.75 లక్షలు. ఆ ఏడాది జూలై 22 నుంచి అది 7.5 శాతం అయింది. అదే ఫ్లాట్ ఇవాళ కొంటే 4 లక్షల 69 వేలు దాకా అవుతుంది. కట్టుబడిలో ఉన్న ఫ్లాట్ అయితే పైన 5 శాతం జీఎస్టీ. అంటే ఇంకో 3 లక్షల 12 వేలు. కట్టడం పూర్తయి, ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చాక కొంటే జీఎస్టీ ఉండదు. చాలామంది ఈ తేడాను అగ్రిమెంట్ రాసుకున్నాకే గమనిస్తారు.

ఇప్పుడు వడ్డీకి వద్దాం. కరోనా టైంలో, 2020 మే నుంచి రిజర్వ్ బ్యాంక్ రెపో రేటు 4 శాతం. బ్యాంకులకు రిజర్వ్ బ్యాంక్ అప్పు ఇచ్చే రేటే రెపో. 2019 అక్టోబర్ 1 తర్వాత బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లన్నీ ఇలాంటి బయటి రేటుకు ముడిపెట్టాల్సిందే. చాలా బ్యాంకులు రెపోనే ఎంచుకున్నాయి. రెపో పైన బ్యాంక్ తన వాటా కలుపుకుంటుంది. దాన్నే స్ప్రెడ్ అంటారు. మన లెక్కలో స్ప్రెడ్ 2.9 శాతం. మొత్తం వడ్డీ 6.9 శాతం.

50 లక్షలు, 20 ఏళ్లు, 6.9 శాతం. ఈఎంఐ 38,465 రూపాయలు. 240 వాయిదాలు కడితే మొత్తం 92 లక్షల 31 వేలు. వడ్డీ ఒక్కటే 42 లక్షల పైచిలుకు. అప్పటికి అది చవక లోన్. చాలా ఏళ్లుగా అంత తక్కువ వడ్డీ చూడలేదని అందరూ అన్నారు, నిజమే కూడా. మొదటి ఈఎంఐలో 28,750 వడ్డీకి పోయింది, 9,715 అసలుకి జమైంది. సంతోషమే.

2022 మే 4: మాట మారిన రోజు

ముందు షెడ్యూల్ లేని సమావేశం పెట్టి రిజర్వ్ బ్యాంక్ రెపోను 4 నుంచి 4.40కి పెంచింది. జూన్‌లో 4.90. ఆగస్టులో 5.40. సెప్టెంబర్‌లో 5.90. డిసెంబర్‌లో 6.25. 2023 ఫిబ్రవరిలో 6.50. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం. మన లోన్ వడ్డీ 6.9 నుంచి 9.4కి చేరింది.

ఈఎంఐ పెరిగిందా? చాలామందికి పెరగలేదు. అసలు చిక్కు అక్కడే ఉంది. బ్యాంకులు సాధారణంగా ఈఎంఐని కదపకుండా గడువు పెంచాయి. నెలనెలా కట్ అయ్యే డబ్బు మారలేదు కాబట్టి ఇంట్లో ఎవరికీ ఏమీ తెలియలేదు. మెసేజ్ వచ్చినా "మీ వడ్డీ రేటు సవరించబడింది" అనే ఒక్క లైను. క్రెడిట్ కార్డ్ ఆఫర్లు, ఓటీపీల మధ్య అది ఎవరి కంటపడుతుంది?

మూడు నెలలకోసారి రేటు మారుతుందని, ఈఎంఐ మాత్రం అదే 38,465 దగ్గర ఉంచారని అనుకుని లెక్కేస్తే 2023 ఏప్రిల్ నాటి పరిస్థితి ఇదీ. మిగిలిన అసలు 47 లక్షల 79 వేలు. దాని మీద నెల వడ్డీ 37,433 రూపాయలు. కడుతున్న 38,465లో అసలుకి జమయ్యేది 1,032 రూపాయలు. అవును, వెయ్యి రూపాయలే.

ఆ లెక్కన లోన్ తీరడానికి ఇంకా 464 నెలలు కావాలి. 38 ఏళ్ల 8 నెలలు. రెండేళ్ల మూడు నెలలు కట్టిన తర్వాత మాట ఇది!

నిజానికి బ్యాంకులు అంత దూరం పోనివ్వవు. 30 ఏళ్లనో, కట్టేవాళ్ల వయసు ఇంత దాటకూడదనో ఒక గీత ఉంటుంది. ఆ గీత తగిలినవాళ్లకి ఈఎంఐ పెరిగింది, కొందరికి ఈఎంఐ, గడువు రెండూ పెరిగాయి. మొదట పెట్టుకున్న 20 ఏళ్ల గడువులోనే తీరాలంటే ఆ రోజు ఈఎంఐ 46,200 చేసుకోవాలి. నెలకి 7,735 ఎక్కువ. జీతం అదే ఉన్న ఇంటికి అది చిన్న మొత్తం కాదు. కాబట్టి ఎవరైనా అడిగినా, "ఈఎంఐ పెంచొద్దు సార్, గడువే పెంచండి" అని చాలామంది చెప్పి ఉండేవాళ్లేమో. తప్పు పట్టలేం. అయితే ఏది ఎంచుకుంటే ఎంత అవుతుందో కాగితం మీద చూపించి అడగడం వేరు, అడగకుండా పెంచేయడం వేరు.

రెండేళ్లు, 9 లక్షల 23 వేలు.. అసలులో తగ్గింది 27 వేలు

రెపో 6.50 దగ్గర రెండేళ్లు కదలలేదు. ఈ రెండేళ్లే మన లెక్కలో అన్నిటికంటే ఖరీదైన కాలం. 2023 ఏప్రిల్ నుంచి 2025 మార్చి దాకా 24 వాయిదాలు. కట్టింది 9 లక్షల 23 వేలు. అసలులో తగ్గింది 27 వేల రూపాయలు. మిగతా 8 లక్షల 96 వేలు వడ్డీ.

ఒక్క నెల కూడా ఎగ్గొట్టలేదు. చెక్ బౌన్స్ కాలేదు. సిబిల్ స్కోర్ బ్రహ్మాండంగా ఉంది. అప్పు మాత్రం ఉన్నచోటే ఉంది.

2025లో రేట్లు తగ్గాయి. ఫిబ్రవరి 7న 6.25, ఏప్రిల్ 9న 6 శాతం, జూన్ 6న ఒకేసారి అర శాతం తగ్గి 5.50, డిసెంబర్ 5న 5.25. ప్రతిసారీ "హోమ్ లోన్ కస్టమర్లకు గుడ్ న్యూస్" అని అన్ని చానెళ్లలో బ్రేకింగ్ పడింది. మేమూ వేశాం. న్యూస్ తప్పు కాదు. అయితే పెరిగింది రెండున్నర శాతం, తగ్గింది ఒకటింపావు. సగమే వెనక్కి వచ్చింది. మధ్యలో పోయిన రెండేళ్లు వెనక్కి రావు.

డిసెంబర్ తగ్గింపు అమల్లోకి వచ్చాక, 2026 జనవరి నాటికి మన లోన్ వడ్డీ 8.15 శాతం. అప్పటికి కట్టినవి 60 వాయిదాలు, మొత్తం 23 లక్షల 8 వేలు. అసలులో తగ్గింది 2 లక్షల 87 వేలు. వడ్డీ 6.9 దగ్గరే ఉండి ఉంటే ఇదే డబ్బుకి 6 లక్షల 94 వేలు తగ్గేది. మిగిలిన అప్పు 47 లక్షల 13 వేలు. అదే ఈఎంఐతో తీరడానికి ఇంకా 264 నెలలు.

మొదలుపెట్టినప్పుడు 240. ఐదేళ్లు కట్టాక 264.

రేటు ఇక్కడి నుంచి కదలకపోతే ఈ లోన్‌కి మొత్తం కట్టేది కోటీ 24 లక్షలు. మొదట అనుకున్న 92 లక్షల కంటే 32 లక్షలు ఎక్కువ. డౌన్ పేమెంట్, రిజిస్ట్రేషన్ కలిపితే 62.5 లక్షల ఫ్లాట్‌కి చేతి నుంచి పోయేది కోటీ 41 లక్షల దరిదాపుల్లో. మెయింటెనెన్స్, ప్రాపర్టీ టాక్స్, పదేళ్లకోసారి వచ్చే పెయింటింగ్, లిఫ్ట్ రిపేర్లు ఇందులో లేవు.

డబ్బు సంగతి అలా ఉంచితే వయసు సంగతి ఇంకా ముఖ్యం. 35 ఏళ్లకి లోన్ తీసుకున్న మనిషి 55కి తీర్చేద్దామనుకున్నాడు. ఇప్పుడు 62 వస్తోంది. తెలంగాణలో ప్రభుత్వ ఉద్యోగుల రిటైర్మెంట్ వయసు 61. ప్రైవేటు ఉద్యోగాల్లో అక్కడిదాకా ఉండనిస్తారన్న నమ్మకం ఎవరికి ఉంది? అల్వాల్ చుట్టుపక్కల రిటైరైన సైనికుల కుటుంబాలు, ప్రభుత్వ ఉద్యోగుల కుటుంబాలు చాలా ఉన్నాయి. పెన్షన్ మీద ఈఎంఐ కట్టడం అంటే ఏంటో వాళ్లని అడిగితే చెప్తారు.

అయితే ఇల్లు కొనడమే తప్పా?

అలా అనడం సరికాదు. కోటీ 41 లక్షలు అనే అంకె చూసి కంగారు పడాల్సిన పనీ లేదు. అందులో చాలా భాగం వచ్చే ఇరవై ఏళ్లలో కట్టేది. ఇవాళ్టి 38 వేలు, 2040లో 38 వేలు ఒకటి కాదు. జీతాలు పెరుగుతాయి, రూపాయి విలువ తగ్గుతుంది. సొంత ఫ్లాట్‌లో ఉంటే కట్టని అద్దె కూడా లెక్కలో ఉంటుంది. ఆ అద్దె కూడా ఏటా పెరిగేదే. ఇంటి ఓనర్ ఖాళీ చేయమంటాడన్న భయం ఉండదు, దానికి ధర కట్టలేం.

ఫ్లాట్ విలువ పెరుగుతుందిగా అంటారు. పెరగొచ్చు. ఇక్కడ బ్రోకర్ల నోట ఇప్పుడు ఎక్కువగా వినిపించేది రాజీవ్ రహదారి మీద ఎలివేటెడ్ కారిడార్ గురించే. ప్యారడైజ్ జంక్షన్ నుంచి శామీర్‌పేట ఓఆర్‌ఆర్ దాకా వెళ్లే ఆ కారిడార్‌కు 2024 మార్చి 7న ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి అల్వాల్‌లోనే శంకుస్థాపన చేశారు. మెట్రో కూడా ఈ వైపు రావాలన్న ప్రతిపాదన ఉంది. ఇవన్నీ వస్తే ట్రాఫిక్ తగ్గొచ్చు, రేట్లు పెరగొచ్చు. కానీ ఫ్లైఓవర్ ఎప్పుడు పూర్తవుతుందో బ్రోకర్‌కి తెలియదు, వడ్డీ మాత్రం ఈ నెల ఐదో తారీఖునే కట్ అవుతుంది. పైగా ఉంటున్న ఇంటి విలువ పెరిగినంత మాత్రాన ఈఎంఐ తగ్గదు. అమ్మితేనే ఆ లాభం చేతికొస్తుంది. అమ్మితే ఎక్కడుంటాం?

"టాక్స్ మిగులుతుంది" అన్నది ఇంకో మాట. దీనికి ఇప్పుడు పాత బలం లేదు. పాత పన్ను విధానంలో సొంతంగా ఉంటున్న ఇంటి లోన్ వడ్డీకి ఏడాదికి 2 లక్షల వరకే మినహాయింపు. మన లెక్కలో 9.4 శాతం ఉన్నప్పుడు ఏడాది వడ్డీ నాలుగున్నర లక్షల దాకా ఉంది, అందులో సగానికి పైగా మినహాయింపు లేకుండానే పోయింది. కొత్త పన్ను విధానంలో అయితే సొంతంగా ఉంటున్న ఇంటికి ఆ 2 లక్షలు కూడా లేవు. 12 లక్షల వరకు ఆదాయానికి పన్నే పడని కొత్త విధానంలోకి వెళ్లిన ఉద్యోగికి హోమ్ లోన్ వల్ల మిగిలే టాక్స్ సున్నా. అయినా "టాక్స్ కోసమైనా లోన్ ఉంచుకో" అని సలహా ఇచ్చే బంధువు ప్రతి ఇంట్లో ఒకరు ఉంటారు.

కొత్తగా తీసుకునేవాళ్లకి గడువు లెక్క

ఇప్పుడు కొత్త లోన్ 7.5 శాతానికి తీసుకుంటున్నారనుకోండి. అదే 50 లక్షలు. 15 ఏళ్లకైతే ఈఎంఐ 46,351, మొత్తం వడ్డీ 33 లక్షల 43 వేలు. 20 ఏళ్లకైతే ఈఎంఐ 40,280, వడ్డీ 46 లక్షల 67 వేలు. 30 ఏళ్లకైతే ఈఎంఐ 34,961, వడ్డీ 75 లక్షల 86 వేలు.

20 నుంచి 30కి వెళ్తే నెలకి తగ్గేది 5,319 రూపాయలు. పెరిగే వడ్డీ 29 లక్షలు. "ఈఎంఐ తక్కువ పడుతుంది మేడమ్, 30 పెట్టేయండి" అన్నప్పుడు ఈ రెండో అంకెను ఎవరూ చెప్పరు.

ఇంకో ముఖ్యమైన విషయం. ఎక్కువ గడువుతో మొదలుపెట్టిన లోన్‌కే రేటు పెరిగినప్పుడు దెబ్బ గట్టిగా తగులుతుంది. ఎందుకంటే ఆ ఈఎంఐలో అసలు వాటా ముందే సన్నగా ఉంటుంది. కొంచెం రేటు పెరిగినా ఆ సన్నటి వాటా కాస్తా కరిగిపోతుంది. రేట్లు తగ్గిన ఇలాంటి టైంలో లోన్ తీసుకునేవాళ్లు "ఇంకో రెండు శాతం పెరిగితే నేను కట్టగలనా?" అని ఇవాళే లెక్క వేసుకోవాలి. 2021లో మన లెక్కలోని ఇంట్లో ఆ ప్రశ్న రాలేదు.

లోన్‌తో పాటు అంటగట్టే ఇన్సూరెన్స్ సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. ఇన్సూరెన్స్ మంచిదే, ఇంటి పెద్దకి ఏమైనా అయితే కుటుంబం రోడ్డున పడకూడదు. కానీ 2 లక్షల సింగిల్ ప్రీమియాన్ని లోన్‌లోనే కలిపేస్తే దాని మీదా 20 ఏళ్లు వడ్డీ నడుస్తుంది. 6.9 శాతానికే ఆ 2 లక్షలు 3 లక్షల 69 వేలు అవుతాయి. బ్యాంక్ చూపించిన పాలసీనే తీసుకోవాలన్న రూల్ ఏదీ లేదు. బయట టర్మ్ పాలసీ ధర అడిగి చూడండి.

ఇప్పటికే లోన్ ఉన్నవాళ్ల చేతిలో ఏముంది?

గడువులు ఇలా చెప్పకుండా సాగిపోతున్నాయన్న ఫిర్యాదుల తర్వాత 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంక్ ఒక సర్క్యులర్ ఇచ్చింది. ఆ ఏడాది చివరికల్లా పాత లోన్లకు కూడా వర్తింపజేయమంది. దాని సారాంశం ఇదీ. రేటు మారినప్పుడు ఈఎంఐ, గడువు మీద ఎంత ప్రభావం పడుతుందో బ్యాంక్ చెప్పాలి. ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కలిపి చేయాలా అన్నది కస్టమర్ ఎంచుకునే వీలు ఉండాలి. గడువు పెంచినా, నెలవారీ వడ్డీ కూడా తీరని స్థితి రాకూడదు. ప్రతి మూడు నెలలకు ఒక స్టేట్‌మెంట్ అందుబాటులో ఉంచాలి. అందులో ఇప్పటిదాకా వసూలైన అసలు ఎంత, వడ్డీ ఎంత, ఈఎంఐ ఎంత, ఇంకా ఎన్ని ఈఎంఐలు మిగిలాయి, వార్షిక వడ్డీ ఎంత అన్నవి అర్థమయ్యేలా ఉండాలి.

ఆ స్టేట్‌మెంట్‌ను మీరు చివరిసారి ఎప్పుడు తెరిచారు? యాప్‌లో లోన్ అకౌంట్ దగ్గరే ఉంటుంది, లేకపోతే బ్రాంచిలో అడగండి. "మిగిలిన వాయిదాలు" అన్న చోట ఎంత ఉందో చూసి, లోన్ తీసుకున్నప్పటి శాంక్షన్ లెటర్ పక్కన పెట్టుకోండి. తేడా వెంటనే తెలిసిపోతుంది.

తేడా ఉంటే ఏం చేయొచ్చు? మన లెక్కనే ముందుకు తీసుకెళ్దాం. 2026 జనవరి నుంచి ఈఎంఐని 5 వేలు పెంచి 43,465 చేసుకుంటే 264 నెలలు 197కి దిగుతాయి. మొత్తం మీద 15 లక్షల 80 వేల దాకా మిగులుతుంది. మొదట చెప్పిన 2040 చివరికే తీరాలంటే 45,450 కట్టాలి. అది కుదరని ఇంట్లో, బోనస్సో చిట్టీ డబ్బో వచ్చినప్పుడు ఒక్కసారి 2 లక్షలు అసలుకి కట్టి, ఈఎంఐ అలాగే ఉంచితే 28 వాయిదాలు తగ్గుతాయి. ఆ 28 వాయిదాల విలువ 10 లక్షల 80 వేలు.

పార్ట్ పేమెంట్ చేసేటప్పుడు "గడువు తగ్గించండి" అని రాసివ్వండి. కొన్నిచోట్ల ఏమీ చెప్పకపోతే గడువు అలాగే ఉంచి ఈఎంఐ తగ్గిస్తారు. అప్పుడు మీకు కలిసొచ్చేది చాలా తక్కువ. రెపో తగ్గినప్పుడు కూడా ఇదే వర్తిస్తుంది. ఈఎంఐ తగ్గించుకోవాలన్న ఆశ సహజం, కానీ గడువు ఇప్పటికే సాగిపోయిన లోన్‌కి ముందు నెలలు తగ్గించుకోవడమే లాభం. ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్ వ్యక్తిగతంగా తీసుకున్నవాళ్లు ముందే కట్టేస్తే పెనాల్టీ వేయకూడదని బ్యాంకులకు రిజర్వ్ బ్యాంక్ 2012లోనే చెప్పింది. ఎవరైనా చార్జీ అడిగితే ఏ నిబంధన కింద అని లిఖితంగా అడగండి.

ఇంకో దారి స్ప్రెడ్ దగ్గర ఉంది. దీని గురించి చాలామందికి తెలియదు. రెపో అందరికీ ఒకటే. మీ బ్యాంక్ మీ దగ్గర 2.9 తీసుకుంటూ కొత్తగా వచ్చేవాళ్లకి 2.2 లోపే ఇస్తుండొచ్చు. మంచి క్రెడిట్ స్కోర్ ఉన్న కొత్త కస్టమర్లకి ఏడున్నర శాతం లోపే ఆఫర్లు ఉన్నాయి, పాత కస్టమర్ 8.15 కడుతున్నాడు. ఇదేం న్యాయం అంటే, పాత ఒప్పందం అంటారు. ఈ స్ప్రెడ్‌లో కొన్ని భాగాలను మూడేళ్లకోసారే మార్చాలన్న పాత నిబంధనను సడలించి, కస్టమర్‌కి మేలు చేసేలా ముందే తగ్గించే వీలును 2025 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులకు రిజర్వ్ బ్యాంక్ ఇచ్చింది. వీలు ఇచ్చింది, తప్పనిసరి చేయలేదు. కాబట్టి అడిగినవాళ్లకే దొరుకుతుంది.

బ్రాంచికి వెళ్లి, వేరే బ్యాంక్ ఇస్తున్న రేటు చూపించి, "తగ్గిస్తారా, బ్యాలెన్స్ ట్రాన్స్‌ఫర్ చేసుకోమంటారా?" అని అడగండి. కన్వర్షన్ ఫీజు కొంత తీసుకుని తగ్గించే బ్యాంకులు ఉన్నాయి. మన లెక్కలో 8.15 నుంచి 7.5కి దిగితే, అదే ఈఎంఐతో 31 నెలలు తగ్గుతాయి. 11 లక్షల 80 వేల దాకా మిగులు. వేరే బ్యాంకుకి మారితే ప్రాసెసింగ్ ఫీజు, లీగల్, వాల్యుయేషన్, కాగితాల డిపాజిట్ ఖర్చు మళ్లీ ఉంటాయి. అవన్నీ కలిపి ఎంతవుతుందో రాయించుకున్నాకే నిర్ణయం తీసుకోండి. మిగిలినదానికంటే ఎక్కువ గడువు పెట్టేస్తే మారిన లాభం అక్కడే పోవచ్చు, అది ఇంకో ఉచ్చు.

ఇంకా పాత లోన్లు, 2019కి ముందు తీసుకున్నవి, కొన్ని ఇప్పటికీ ఎంసీఎల్ఆర్ మీదో, అంతకుముందు బేస్ రేటు మీదో నడుస్తున్నాయి. రెపో తగ్గినప్పుడు వీటికి ఆ తగ్గింపు ఆలస్యంగా, అరకొరగా చేరుతుంది. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల లోన్లకైతే రెపోకి ముడిపెట్టాలన్న నిబంధనే లేదు, వాళ్ల సొంత రేటు మీద నడుస్తాయి. మీ లోన్ దేనికి ముడిపడి ఉందో తెలియకపోతే ముందు అది కనుక్కోండి.

కొత్త లోన్ తీసుకునేవాళ్లకి 2024 అక్టోబర్ 1 నుంచి కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఇవ్వడం తప్పనిసరి. ప్రాసెసింగ్ ఫీజు లాంటి చార్జీలన్నీ కలిపితే నిజంగా పడే వార్షిక వడ్డీ ఎంతో అందులో ఉంటుంది. దాన్నే ఏపీఆర్ అంటారు. రెండు బ్యాంకుల మధ్య ఎంచుకునేటప్పుడు హోర్డింగ్ మీద రేటు కాకుండా ఈ ఏపీఆర్‌ను, దానితో పాటు స్ప్రెడ్‌ను పోల్చండి. సంతకాలు పెట్టే రోజు 40 కాగితాల మధ్య అది కూడా ఒకటిగా వచ్చి పోతుంది. ముందు రోజే మెయిల్ చేయమని అడిగితే ఇంట్లో తీరిగ్గా చదువుకోవచ్చు.

చివరి వాయిదా కట్టిన రోజు కూడా పని అయిపోదు. 2023 డిసెంబర్ 1 నుంచి అమల్లో ఉన్న నిబంధన ప్రకారం లోన్ పూర్తిగా తీరిన 30 రోజుల్లో ఒరిజినల్ కాగితాలు తిరిగి ఇచ్చేయాలి. బ్యాంక్ వల్ల ఆలస్యమైతే రోజుకి 5 వేల రూపాయల చొప్పున కస్టమర్‌కి చెల్లించాలి. కాగితాలు చేతికొచ్చాక ఆస్తి మీద బ్యాంక్ తాకట్టు రద్దయిందో లేదో కొత్తగా ఈసీ తీసి చూసుకోండి. లోన్ తీరినా ఈసీలో తాకట్టు అలాగే ఉండిపోతే, పదేళ్ల తర్వాత అమ్మే రోజున దాని కోసం మళ్లీ బ్యాంక్ చుట్టూ తిరగాల్సి వస్తుంది.